అబిడ్స్ మరచిన నటుడు

ఏప్రిల్ 2 హరీంద్రనాథ్ చటోపాధ్యాయ జయంతి. సరోజినీ నాయుడు తమ్ముడంటే ఆ పేరు కొందరికి తడుతుంది. 'బావర్చీ' సినిమాలో తాతగారంటే ఇంకొంచెం ఎక్కువ మందికి ముఖం గుర్తొస్తుంది. 1952లో విజయవాడ నుంచి తొలి లోక్‌సభకు గెలిచిన సభ్యుడంటే మాత్రం బెజవాడ వాళ్లే నమ్మరు. ఈ ముగ్గురూ ఒక్కరే. 1898లో హైదరాబాదులో పుట్టి, తొంభై రెండేళ్లు బతికి, 1990 జూన్ 23న కన్నుమూసిన ఈ మనిషి కవి, నాటకకర్త, గాయకుడు, పార్లమెంటు సభ్యుడు. అరవై దాటాక తెర మీద స్థిరపడ్డ నటుడు కూడా. సామాజిక స్పృహ ఉన్న సినిమా గురించి మాట్లాడుకునేటప్పుడు దర్శకుల పేర్లు చెప్పి ఊరుకోవడం మనకు అలవాటు. ఆ సినిమాకు ముఖాలిచ్చిన వాళ్ల గురించి కూడా ఒకసారి మాట్లాడుకోవడానికి ఈ జయంతి మంచి సందర్భం.

నాంపల్లి స్టేషన్లో దిగి అబిడ్స్ వైపు నడిస్తే, లాడ్జీల బోర్డులు, సామాన్ల దుకాణాలు, ఆటోల హారన్ల మధ్య 'గోల్డెన్ థ్రెషోల్డ్' ఆవరణ తగులుతుంది. 1905లో లండన్లో అచ్చయిన సరోజినీ నాయుడు తొలి కవితా సంపుటి పేరే ఆ ఇంటికీ వచ్చింది. చటోపాధ్యాయ కుటుంబం కాపురమున్న ఇల్లు అది. 1974లో ఏర్పడిన హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయానికి అదే తొలి క్యాంపస్. 1988లో సరోజినీ నాయుడు పేరిట ఏర్పడిన కళల పాఠశాల కూడా అక్కడే మొదలైంది. నాటకం, నాట్యం, చిత్రకళ నేర్చుకోవడానికి వచ్చిన ఎందరో తెలుగు పిల్లలు ఆ గేటు దాటి లోపలికి వెళ్లినవాళ్లే. ఆ తర్వాత పాఠశాల గచ్చిబౌలికి తరలిపోయింది. గోల్డెన్ థ్రెషోల్డ్ అనగానే అందరి నోటా అక్కగారి పేరే వస్తుంది. అందులో తప్పు లేదు. కానీ ఆ ఇంట్లో అక్క ఒక్కతే లేదు.

తండ్రి అఘోరనాథ్ చటోపాధ్యాయ ఎడిన్‌బరోలో సైన్సు డాక్టరేటు చేసి వచ్చిన బెంగాలీ. నిజాం రాజ్యంలో ఇంగ్లిషు చదువుకు పునాది వేసిన వాళ్లలో ఒకరు. ఆయన నడిపిన హైదరాబాద్ కాలేజీయే పెరిగి పెరిగి నిజాం కాలేజీ అయింది. ఒకపక్క రసవాదం మీద మోజు, బంగారం చేయాలని ప్రయోగాలు. ఇంకోపక్క రాజ్యాన్ని ప్రశ్నించే నోరు. 1883లో చాందా రైల్వే వ్యవహారంలో, రాష్ట్రం నెత్తిన భారం మోపే ఆ ఒప్పందం వివరాలు జనానికి చెప్పాలని గొంతెత్తినందుకు సర్కారు ఆయన్ను ఊరి నుంచి పంపేసింది. తర్వాత తిరిగి రానిచ్చింది. రైలు కోసం ఊరు విడవాల్సి వచ్చిన మనిషి కుటుంబం చివరికి నాంపల్లి స్టేషన్ రోడ్డు మీదే ఉండటం చిత్రం. ఇంకో చిత్రం, 'ఆశీర్వాద్' సినిమాలో అశోక్ కుమార్ పిల్లల మధ్య చిందులేస్తూ పాడే ఆ రైలు పాట రాసింది ఆయన కొడుకే. ఇలాంటివి చరిత్రలో యాదృచ్ఛికంగానే జరుగుతాయి. వాటికి అర్థాలు వెతకనక్కర్లేదు గానీ, ఆ రోడ్డు మీద వెళ్లేవాళ్లకు చెప్పాల్సిన ముచ్చటే.

అన్న వీరేంద్రనాథ్ మొదటి ప్రపంచ యుద్ధకాలంలో బెర్లిన్ కేంద్రంగా విప్లవ రాజకీయాలు నడిపి, చివరికి 1937లో మాస్కోలో స్టాలిన్ కాలపు తూటాలకు బలైపోయాడు. అక్కచెల్లెళ్లలో సునాలిని నటి, నర్తకి. సుహాసిని కమ్యూనిస్టు. హరీంద్రనాథ్ పెళ్లాడిన కమలాదేవి సామాన్యురాలు కాదు. చిన్నతనంలోనే భర్తను పోగొట్టుకున్న అమ్మాయి. ఆ పెళ్లే ఆ రోజుల్లో ఒక దుమారం. 1926లో మద్రాసు శాసనమండలికి పోటీ చేసి కొద్ది ఓట్ల తేడాతో ఓడింది. 1931లో మూకీ 'మృచ్ఛకటిక'లో నటించింది. సినిమా అంటే పెద్దింటివాళ్లు ముఖం చిట్లించే కాలమది. నటన పరువు తక్కువ పని కాదని ఈ కుటుంబం మాటల్లో చెప్పలేదు, చేసి చూపించింది. తర్వాత ఆ ఇద్దరూ విడిపోయారు. కమలాదేవి చేతివృత్తుల రంగంలో దేశానికి పెద్దదిక్కయింది.

హరీంద్రనాథ్ ఇరవై ఏళ్లకే 'ది ఫీస్ట్ ఆఫ్ యూత్' అనే కవితా సంపుటి అచ్చేశాడు. అరవిందులు దాన్ని మెచ్చుకున్నారు. అక్కడితో ఆగి ఉంటే ఇంగ్లిషులో తియ్యగా రాసే భారతీయ కవుల జాబితాలో ఇంకో పేరయ్యేవాడు. ఆయన ఆగలేదు. కేంబ్రిడ్జి వెళ్లాడు, పుదుచ్చేరి ఆశ్రమానికి వెళ్లాడు, స్వాతంత్ర్యోద్యమంలో పాటలు కట్టాడు, చివరికి ఎర్రజెండా దగ్గరికి చేరాడు. 1937లో వచ్చిన 'ఫైవ్ ప్లేస్' చదివితే ఈ మార్పు తెలుస్తుంది. అందులో 'ది విండో' మిల్లు కార్మికుల ఊపిరాడని బతుకు. 'ది సెంట్రీస్ లాంటర్న్' తెల్లారితే ఉరికంబమెక్కే ఖైదీల రాత్రి. 'ది పారట్' పంజరంలో ఉన్న ఆడదాని కథ. ఇవన్నీ చిన్న నాటికలు. కవి రాసినవి కాబట్టి అక్కడక్కడ మాట ఎక్కువై, నడక కాస్త మందగిస్తుంది. కానీ తొలి సంపుటిలోని పూల తోటలు వదిలి ఫ్యాక్టరీ గోడ దగ్గరకు రావడానికి ఆయనకు ఇరవై ఏళ్లు కూడా పట్టలేదు.

1952 ఎన్నికల నాటికి కృష్ణా జిల్లాలో కమ్యూనిస్టుల గాలి ఎలా ఉండేదో పాత తరానికి చెప్పక్కర్లేదు. ఆ గాలికి ముందు నడిచింది పాట, బుర్రకథ, నాటకం. 1943లో పుట్టిన ప్రజానాట్యమండలి ఊరూరా తిరిగింది. సుంకర, వాసిరెడ్డి రాసిన 'మాభూమి' నాటకం జనాన్ని కదిలించింది. అలాంటి నేల మీద కమ్యూనిస్టుల మద్దతుతో స్వతంత్ర అభ్యర్థిగా నిలబడిన హరీంద్రనాథ్ గెలిచాడు. తెలుగువాడు కాదు, మన భాషలో కవి కాదు, హైదరాబాదులో పుట్టిన బెంగాలీ. అయినా ఓటు వేశారు. ఇవాళ ఏ పార్టీ అయినా ఇలాంటి అభ్యర్థిని పెట్టగలదా? కులం లెక్కా, డబ్బు లెక్కా చూడకుండా టికెట్టు ఇవ్వగలదా? అభ్యర్థి ఎలాంటివాడైనా ఓటు జెండాకే పడే కాలం అది అని కొందరంటారు. కావచ్చు. అయితే ఆ జెండా పట్టుకోవడానికి ఒక కవిని ఎంచుకోవాలన్న ఆలోచన ఉన్న రాజకీయమూ ఆ కాలానిదే. పార్లమెంటులో ఆయన ప్రసంగాల మధ్య చమత్కారపు పద్యాలు వినిపించేవాడని పేరు.

ప్రజానాట్యమండలి నుంచి సినిమాలోకి వెళ్లినవాళ్లు మనకు తెలుసు. డాక్టర్ గరికపాటి రాజారావు 1953లో 'పుట్టిల్లు' తీశారు. జమున తెరకు పరిచయమైంది ఆ సినిమాతోనే. మిక్కిలినేని, అల్లు రామలింగయ్య, దర్శకులు తాతినేని ప్రకాశరావు, వి. మధుసూదనరావు అంతా ఆ పందిరి కింది నుంచి వచ్చినవాళ్లే. వాళ్లు వెళ్లాక తెలుగు సినిమా విప్లవమేమీ అయిపోలేదు. కానీ అల్లు వేసిన కన్నింగ్ గుమాస్తాల్లో, మిక్కిలినేని వేసిన పెద్దమనుషుల్లో ఊళ్లో నిజంగా చూసిన మనుషుల వాసన ఉండేది. నటుడి వెనక ఉన్న జీవితం వేషంలోకి రావడమంటే అదే. హరీంద్రనాథ్ తెర జీవితాన్నీ ఈ కొలతతోనే చూడాలి. సంఖ్య చూస్తే సినిమాలు బోలెడు. అందులో సగం మరిచిపోవచ్చు. మిగిలిన కొన్ని మరచిపోదామన్నా వదలవు.

వాటిలో ముందు వరస 'సాహిబ్ బీబీ ఔర్ గులామ్'. 1962లో గురుదత్ నిర్మించగా అబ్రార్ ఆల్వీ దర్శకత్వం వహించాడు. బిమల్ మిత్ర నవల ఆధారం. కలకత్తా జమీందారీ హవేలీ కూలిపోతున్న కథ. మీనాకుమారి నటన గురించే అందరూ మాట్లాడతారు, న్యాయంగానే. ఈసారి చూసేటప్పుడు ఆ హవేలీలో గడియారాలు చూసుకునే ఘడీబాబుని గమనించండి. ఇంట్లో వాళ్లకు వాడొక పిచ్చివాడు. గడియారాల మధ్య నిలబడి, కాలం ఎవరినీ వదలదని పగలబడి నవ్వే ముసలాడు. పావురాల మీదా, పందేల మీదా డబ్బు తగలేస్తున్న బాబులకు ఆ మాట వినబడదు. ప్రేక్షకుడికి వినబడుతుంది. వేషం నిడివి కొన్ని నిమిషాలే. ఆ కొన్ని నిమిషాల్లో మొత్తం సినిమా చెప్పదలచుకున్న మాట ఆయన నవ్వులో ఉంటుంది. ఆ వేషం అరవై నాలుగేళ్ల వయసులో వేశాడు. భూస్వామ్యం పోవాలని పాటలు పాడి, ఆ మాట మీదే ఎన్నిక గెలిచి, పార్లమెంటు చూసి వచ్చిన మనిషి ఆ నవ్వు నవ్వుతున్నాడని తెలిసి చూస్తే అది వేరేగా వినిపిస్తుంది. ఆ సినిమా 1963లో బెర్లిన్ చిత్రోత్సవంలో పోటీకి వెళ్లింది. అన్న వీరేంద్రనాథ్ తిరిగిన ఊరికే తమ్ముడి బొమ్మ వెళ్లిందన్నమాట.

1968లో హృషీకేశ్ ముఖర్జీ 'ఆశీర్వాద్'లో బైజు అనే డోలు కళాకారుడి వేషం. జమీందారింటి అల్లుడు అశోక్ కుమార్, తక్కువ కులం వాడని అందరూ దూరం పెట్టే ఈ బైజు దగ్గర కూర్చుని పాట నేర్చుకుంటాడు. 1969లో సత్యజిత్ రాయ్ 'గూపీ గాయెన్ బాఘా బాయెన్'లో మాంత్రికుడు బర్ఫీ. అర్థమయ్యే మాట ఒక్కటీ పలకడు. కళ్లు, వేళ్లు, వింత శబ్దాలు, అంతే. జనం ఆకలితో మాడుతుంటే యుద్ధానికి ఉబలాటపడే మంత్రి చేతిలో పనిముట్టు వాడు. పిల్లల సినిమా పేరుతో రాయ్ తీసిన యుద్ధ వ్యతిరేక చిత్రమది. పాటలు, మాటలే బతుకైన కవికి రాయ్ మాటల్లేని వేషం ఇచ్చాడు. డెబ్బై దాటిన ఆయన దాన్ని కుర్రవాడి హుషారుతో చేశాడు. 1971 'సీమాబద్ధ'లో కంపెనీ డైరెక్టరు సర్ బరేన్ రాయ్. 1974 'సోనార్ కెల్లా'లో పత్రికల కత్తిరింపులన్నీ దాచి, ఏది అడిగినా చెప్పే సిద్ధూ జ్యేఠా. బెంగాలీ పిల్లలకు ఇప్పటికీ ఆయన ఆ పేరుతోనే తెలుసు.

1972 'బావర్చీ' మనవాళ్లు ఎక్కువగా చూసిన సినిమా. శాంతి నివాస్ అనే ఇల్లు, అందులో పేరుకి తప్ప శాంతి లేదు. వంటవాడు ఒక్కడూ నిలవడు. మంచం కింద ఇనప్పెట్టె పెట్టుకుని, ఎవరి దృష్టి దాని మీద ఉందో కనిపెడుతూ కూర్చున్న ముసలాయన శివనాథ్. ఈ పాత్రలో హరీంద్రనాథ్ గొణుగుడు, చిరాకు, అకస్మాత్తుగా వచ్చే పసితనం చూస్తే ఉమ్మడి కుటుంబంలో ముసలివాళ్లను చూసినవాళ్లెవరికైనా నవ్వూ జాలీ ఒకేసారి వస్తాయి. ఆ సినిమాకు పాటలు రాసింది కైఫీ ఆజ్మీ. కైఫీ భార్య షౌకత్ హైదరాబాదు ఆడపడుచు. కూతురు షబానా పుట్టింది కూడా హైదరాబాదులోనే, 1950లో. ఆ షబానా 1974లో శ్యామ్ బెనెగళ్ 'అంకుర్'లో హైదరాబాదు పక్క పల్లెలో లక్ష్మిగా నిలబడి, తొలి సినిమాతోనే జాతీయ పురస్కారం గెలిచింది. బెనెగళ్ చదివింది నిజాం కాలేజీలో. అఘోరనాథ్ కాలేజీ వారసత్వం, కొడుకు నటన, షౌకత్ కూతురి తొలి వేషం, ఇవన్నీ ఒకదానితో ఒకటి ముడిపడి ఉన్నాయని కాదు గానీ, సామాజిక స్పృహ ఉన్న సినిమాకు ఈ నగరం పేరు ఎన్ని చోట్ల తగులుతుందో చూడండి.

ఇలాంటి నటుల్ని గుర్తుపెట్టుకునే పద్ధతి ఇతర దేశాల్లో ఎలా ఉందో ఒక ఉదాహరణ చెప్పుకోవాలి. సోటిగీ కుయాటే పేరు మన సినీ ప్రేమికుల్లో ఎక్కువమందికి తెలియకపోవచ్చు. మాలిలో పుట్టి బుర్కినా ఫాసోలో పెరిగిన ఆయన, తరతరాలుగా వంశాల కథలు నోటితో పాడి నిలిపే కుటుంబంలో వాడు. మన దగ్గర కథలు చెప్పే కులాలను తలచుకుంటే ఆ వృత్తి అర్థమవుతుంది. పారిస్‌లో పీటర్ బ్రూక్ నాటక బృందంలో చేరి, 1985లో ఆవిన్యోఁలో రాత్రంతా సాగిన 'మహాభారతం'లో భీష్ముడి వేషం కట్టాడు. తర్వాత 1989 సినిమాలోనూ ఆయనే. తెలుగువాళ్లకు భీష్ముడంటే 1962లో ఎన్టీఆర్. ఆరడుగుల పైన సన్నగా, గెడలా నిలబడే ఆ ఆఫ్రికన్ భీష్ముణ్ణి చూస్తే మొదట కొత్తగా ఉంటుంది. ఆ కన్నుల్లో అలసట చూశాక, ఈ కథ తరాలు మోసిన వాడే ఇలా నిలబడగలడనిపిస్తుంది.

కుయాటే వేసినవి చాలా వరకు ముసలి వేషాలే. కొడుకు దానీ కుయాటే 1995లో తీసిన 'కేయీతా'లో, ఊరి నుంచి పట్నం వచ్చి ఓ పిల్లాడికి వాడి పేరు వెనక కథ చెప్పే పెద్దాయన. బడి పంతులికీ ఆయనకీ పడదు. రషీద్ బూషారెబ్ 'లిటిల్ సెనెగల్'లో, బానిసల ద్వీపం గోరేలో గైడుగా పనిచేసి, తన వంశంలో అమ్ముడుపోయిన వాళ్ల వారసుల కోసం అమెరికా వెళ్లే మనిషి. అదే దర్శకుడి 'లండన్ రివర్'లో, 2005 జూలై లండన్ పేలుళ్ల తర్వాత కనబడకుండా పోయిన కొడుకు కోసం వచ్చిన ముస్లిం తండ్రి. ఆ చిత్రానికి 2009లో బెర్లిన్‌లో ఉత్తమ నటుడి పురస్కారం దక్కింది. 2010 ఏప్రిల్‌లో పారిస్‌లో పోయాడు. సెనెగల్ దర్శకుడు ఉస్మాన్ సెంబెన్, తన నవలలు చదువురాని జనానికి చేరడం లేదని సినిమాకు మళ్లిన సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. మన గరికపాటి తరం చేసిందీ దాదాపు ఇదే పని. ఆఫ్రికాలో, ఫ్రాన్సులో ఈ పాత్రలు చేసినవాళ్లను 'సైడు క్యారెక్టర్' అని పక్కన పెట్టలేదు. కుయాటేకు అవార్డు ఇచ్చారు, ఆయన గురించి మాట్లాడారు, కొడుకు ఆయన చేత వేషం వేయించి సినిమాయే తీశాడు.

మన హరీంద్రనాథ్‌కు 1973లో పద్మభూషణ్ వచ్చింది. దేశం మరచిపోలేదు. మరచిందల్లా సొంత ఊరే. ఎందుకని? ఆయన కథను తమదని చెప్పుకునే భాషాభిమానులు లేకపోవడం ఒక కారణం. బెంగాలీవాళ్లకు హైదరాబాదీ, హిందీవాళ్లకు ఇంగ్లిషు కవి, తెలుగువాళ్లకు పరాయివాడు. ఆయనకు పార్టీ కూడా చివరి దాకా లేదు. ఆయన ఒక చోట స్థిరంగా ఉండలేదన్నది నిజం. ఆశ్రమం దగ్గరా, ఉద్యమం దగ్గరా, బొంబాయి స్టూడియోల దగ్గరా తిరిగాడు. కళలో కూడా చేతికొచ్చిందల్లా చేశాడు. 'తేరే ఘర్ కే సామ్నే'లో సేఠ్ కరమ్‌చంద్‌గా కోటీశ్వరుల దర్పాన్ని వెక్కిరించాడు, 1975 'జూలీ'కి ఒక ఇంగ్లిషు పాట కూడా రాశాడు. అలాంటి మనిషిని ఒక గూట్లో పెట్టలేక చరిత్రకారులు వదిలేశారు. మా అభిప్రాయం మాత్రం వేరు. ఉద్యమం, ఎన్నిక, కవిత్వం అన్నీ కలిసి తెర మీద కొన్ని నిమిషాలుగా మారిన జీవితం అది. ఘడీబాబు నవ్వుకు బరువు అక్కడి నుంచే వచ్చింది. సామాజిక స్పృహ కథలో మాత్రమే ఉంటే సినిమా ఉపన్యాసమవుతుంది. ఆ స్పృహ ఉన్న మనిషి ఒక మూల కూర్చుని ఉంటే, ఉపన్యాసం లేకుండానే పని అవుతుంది.

ఇవాళ తెలుగులో సామాజిక చిత్రాలు రావడం లేదనం. వస్తున్నాయి. మరచిపోతున్నది వాటికి ముఖాలిచ్చిన నటుల్నే. 1988లో బి. నర్సింగరావు 'దాసి'లో అర్చనను చూసినవాళ్లకు, ఆ ఏడాది జాతీయ ఉత్తమ నటి పురస్కారం ఎందుకొచ్చిందో చెప్పక్కర్లేదు. దొరల గడీలో పెళ్లిలో కట్నంగా వచ్చిన పనిపిల్లగా ఆమె నీళ్లు మోసిన తీరు, తలవంచిన తీరు చాలు. 'యజ్ఞం'లో పి.ఎల్. నారాయణ కూడా అలాంటి నటుడే. వీళ్ల గురించి పత్రికల్లో పుట్టిన రోజు, పోయిన రోజు తప్ప ఎప్పుడు రాశాం? పాత సినిమాల ప్రింట్లు ఎక్కడున్నాయి, ఏ స్థితిలో ఉన్నాయి, ఎవరికి బాధ్యత? ఫిల్మ్ సొసైటీలు ఒకప్పుడు ఈ నగరంలో కొత్త సినిమా చూపించి ప్రేక్షకుల్ని తయారు చేశాయి. బెనెగళ్ కుర్రవాడిగా ఉన్నప్పుడు స్థాపించిన హైదరాబాద్ ఫిల్మ్ సొసైటీ అందులో ఒకటి. అలాంటి అడ్డాలు కావాలి. నాంపల్లి, అబిడ్స్‌లలో ఒకప్పటి టాకీసులు చాలా వరకు మూతబడ్డాయి. కానీ హాలు అక్కర్లేదు. గోల్డెన్ థ్రెషోల్డ్ ఆవరణ ఉంది, ఒక తెర, ఒక ప్రొజెక్టరు చాలు.

విశ్వవిద్యాలయానికి మా మనవి ఇది. వచ్చే ఏప్రిల్ 2కైనా ఆ ఇంట్లో 'సాహిబ్ బీబీ ఔర్ గులామ్', 'బావర్చీ' ప్రదర్శించండి. 'ఫైవ్ ప్లేస్'ను తెలుగులోకి తెచ్చి, నాటక శాఖ పిల్లల చేత ఆ ఆవరణలోనే ఆడించండి. విజయవాడ నగరపాలక సంస్థకూ ఒక మాట: మీ తొలి లోక్‌సభ సభ్యుడి పేరు ఊళ్లో ఒక గ్రంథాలయానికో, కళావేదికకో పెట్టండి. ఆయనకు ఓటేసిన తరంలో ఇంకా బతికి ఉన్నవాళ్లు కొద్దిమందే. వాళ్లున్నప్పుడే ఆ పని జరగాలి.